వ్యాజ్యకాలమున దంపతుల నడవడి

భార్యాభర్తల నడుమ పొందిక చెడి, పెద్దమనుష్యులు నాలుగుమార్లు కూర్చుండబెట్టి మాటలాడినను ఫలము లేకపోయి, తుదకు వివాదము కోర్టు మెట్లెక్కిన తరువాత, ఆ యిరువురును, వారివారి పక్షమున నిలిచిన తల్లిదండ్రులును, తోబుట్టువులును సామాన్యముగా ఒక పొరపాటు అభిప్రాయమునకు లోబడుచుందురు. న్యాయమూర్తి విచారించునది ఆ యింటిలో అదివరకు జరిగిపోయిన సంగతులను మాత్రమేననియు, పిటిషను దాఖలైన నాటినుండి తాము పెట్టు కేసులకు, వ్రాయు అర్జీలకు, ఎగవేయు వాయిదాలకు ఆ విచారణతో సంబంధము లేదనియు వారనుకొందురు. అట్లనుకొనియే కౌంటరులో నోటికి వచ్చిన నిందనెల్ల వ్రాయింతురు. అట్లనుకొనియే మనోవర్తి సొమ్ము నెలల తరబడి బకాయి పెట్టుదురు. అట్లనుకొనియే కింది కోర్టు డిక్రీ చేతికందిన వారమునకే రెండవ పెండ్లికి ముహూర్తము పెట్టించుకొందురు. తీరా అప్పీలు విచారణకు వచ్చిన దినమున, ప్రత్యర్థిపై తాము మోపిన నేరమునకు ముందుగా తాము నడచుకొన్న తీరే తూకమునకు వచ్చుట చూచి నివ్వెరపోవుదురు.

ఇట్లు జరుగుటకు కారణము మరుగైనది కాదు. పిటిషను వేసినంతమాత్రమున వివాహబంధము తెగదు. ఒకే కప్పు కింద నివసించుచున్నను, వేరువేరు ఊళ్ళలో ఉన్నను, తుది తీర్పు వచ్చువరకు ఆ యిరువురును చట్టము దృష్టిలో ఒకరికొకరు ఏమియు కాని వారు కారు. వ్యాజ్యము నడచిన ఐదేండ్లో పదేండ్లో ఆ దాంపత్యమునకు వెలుపలి కాలము కాదు. దాంపత్యములోని చివరి భాగమే. పూర్వకథకు సాక్షులను వెదకవలసియుండును; వారు చెప్పినదానిలో ఎంత నిజమో తేల్చవలసియుండును. ఈ చివరి భాగమునకు మాత్రము కోర్టు రికార్డే సాక్షి. కక్షిదారు స్వయముగా సంతకము చేసిన కాగితములును, పాటించిన లేక పాటింపని ఉత్తరువులును ఆ దస్త్రమున చెరిగిపోకుండ నిలిచియుండును. విడాకుల అప్పీలులో కక్షిదారుని నడవడికి ఇంతటి ప్రాధాన్యము కలుగుట ఇందువలననే.

ముందుగా అప్పీలు నడచు త్రోవను కొంత తెలిసికొందము. 1984 నాటి కుటుంబ న్యాయస్థానముల చట్టము ప్రకారము హైదరాబాదు, సికిందరాబాదు, విజయవాడ, విశాఖపట్టణము మొదలగు నగరములలో ఫ్యామిలీ కోర్టులు వెలసినవి. వీటి తీర్పుపై అప్పీలు, ఆ చట్టపు 19వ సెక్షను ననుసరించి, నేరుగా హైకోర్టుకు పోవును. అక్కడ ఇద్దరు న్యాయమూర్తులకు తక్కువ కాని ధర్మాసనము దానిని వినును. 2019 జనవరి 1వ తేదీనుండి తెలంగాణ వారు హైదరాబాదులోని హైకోర్టుకును, ఆంధ్రప్రదేశ్ వారు అమరావతిలోని హైకోర్టుకును పోవుచున్నారు. గడువు విషయమున రెండు చట్టములు రెండు మాటలు చెప్పుచున్నవి: కుటుంబ న్యాయస్థానముల చట్టము 30 దినములనియు, హిందూ వివాహ చట్టపు 28వ సెక్షను 90 దినములనియు పేర్కొన్నవి. జాగరూకుడైన వాడు చిన్న గడువునే తన గడువుగా నెంచుకొనుట క్షేమము. ఇరువురి సమ్మతిపై వచ్చిన డిక్రీకి అప్పీలు లేదు. విచారణ మధ్యలో వెలువడు తాత్కాలిక ఉత్తరువులకును లేదు.

ఈ మొదటి అప్పీలుకు ఒక విశేషము కలదు. హైకోర్టు ఇందు న్యాయసూత్రమును మాత్రమే చూచి ఊరకుండదు. వాస్తవములను సైతము మరల మొదటినుండి పరిశీలించును. సాక్షుల వాఙ్మూలములు, దాఖలు చేసిన ఉత్తరములు, ఇరుపక్షముల పిటిషనులు, కౌంటరులు, మధ్యంతర దరఖాస్తులు, వాటిపై వచ్చిన ఉత్తరువులు అన్నియు ఒక్కచోట చేరి ఆ న్యాయమూర్తుల యెదుట పడును. కింది కోర్టులో వాయిదా వాయిదాకు విడివిడిగా కనబడిన చేష్టలు ఇక్కడ ఒక వరుసలో నిలిచి, కక్షిదారుని స్వభావమును తామే చాటును.

అంతేకాక, దావా వేసిన నాటికి పరిస్థితి ఎట్లున్నదో అదియే ప్రమాణమను నియమమునకు మినహాయింపులు కలవు. ఆంధ్రదేశమునుండి వెళ్ళిన ఒక అద్దె తగాదాలో 1975లో జస్టిస్ కృష్ణయ్యర్ ఈ విషయమును విశదీకరించినారు. దావా తరువాత జరిగిన సంఘటన న్యాయమునకు సూటిగా సంబంధించినదైనచో, ఎదుటిపక్షమునకు అన్యాయము కలుగనిరీతిని దానిని గణనలోనికి తీసికొనుట అప్పీలు కోర్టుకు తగునని ఆ తీర్పు సారాంశము. దుకాణపు గదికే ఈ సూత్రము వర్తించినప్పుడు, దినదినము మారుచుండు మానవ సంబంధమునకు వర్తించుటలో వింత యేమున్నది!

హిందూ వివాహ చట్టములోని 23వ సెక్షను ఈ విషయమునకు మూలస్తంభము. విడాకులకు చట్టము చెప్పిన కారణము రుజువైనను అది యొక్కటియే చాలదు. అడుగుచున్న వ్యక్తి తాను చేసిన తప్పును తనకే లాభముగా మలచుకొనుట లేదని కోర్టుకు నమ్మకము కలుగవలెను. ప్రత్యర్థి చేసిన క్రౌర్యమును తాను క్షమించి మరల కాపురము చేసియుండరాదు. ఇరువురును లోపాయికారిగా కుమ్మక్కై రాకూడదు. అకారణమైన జాప్యము ఉండరాదు. ఎదుటివారు వాదమునకు రాకున్నను, ఈ సంగతులు విచారించుట న్యాయమూర్తి విధి. తప్పు చేసినవాడు తన తప్పునే మెట్టుగా చేసికొని పైకెక్కరాదను సామాన్యధర్మమును ఇందు చట్టము తన భాషలో చెప్పినది.

ఐతే ఆ “తప్పు” అన్నమాటకు పరిధి ఎంత? కాపురమునకు రమ్మని కోర్టు ఇచ్చిన డిక్రీని పాటింపక ఊరకుండుట మాత్రమే ఆ తప్పు క్రిందికి రాదని సుప్రీంకోర్టు 1977లోను, మరల 1984లోను చెప్పినది. అంతకు మించిన గురుతరమైన దుష్ప్రవర్తన కనబడవలెను. అట్టి దుష్ప్రవర్తన యెట్లుండునో 2001లో పరిష్కారమైన ఒక వ్యాజ్యము చూపుచున్నది. భర్త పరస్త్రీ సంబంధము కారణముగా భార్య కోర్టునుండి ప్రత్యేక నివాసపు డిక్రీ పొందినది. ఆమెకును కుమార్తెకును మనోవర్తి ఇయ్యవలసినదని ఉత్తరువైనది. ఆ భర్త మనోవర్తి చెల్లింపలేదు. ఆ సంబంధమును వదలుకొనలేదు. డిక్రీ తరువాత చట్టము చెప్పిన ఏడాది యెడబాటు గడచినది గదాయని విడాకులకు మాత్రము దరఖాస్తు పెట్టుకొన్నాడు. కాలము గడచినంతనే విడాకులు హక్కుగా చేతికి రావనియు, డిక్రీ తరువాత కూడ పాత తప్పునే కొనసాగించినవాడు ఆ యెడబాటును చూపి లాభము పొందజాలడనియు సుప్రీంకోర్టు తేల్చి అతని కోరికను నిరాకరించినది. అదే సంవత్సరమున వేరొక వ్యాజ్యమునను, పరస్త్రీతో సంబంధము పెట్టుకొని భార్యను దూరము చేసిన భర్త “మా కాపురము ఇక చక్కబడదు” అని వాదించగా, చెడగొట్టినవాడే చెడిపోయినదని చెప్పి మేలు పొందుట కుదరదని ఆ న్యాయస్థానము స్పష్టపరచినది.

ఇంతవరకు చెప్పినది కోర్టు వెలుపలి నడవడి. ఇక కోర్టులోపలి నడవడికి వత్తము. మన కక్షిదారులకు, కొందరు ప్లీడర్లకును, కౌంటరు ఎంత ఘాటుగా ఉండిన అంత బలమను నమ్మిక కలదు. ఈ నమ్మిక ఎంత ప్రమాదకరమో 1993లో జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి వ్రాసిన తీర్పు తెలుపును. తెలుగునాటినుండి సుప్రీంకోర్టుకు వెళ్ళిన ఆ న్యాయమూర్తి యెదుటికి వచ్చిన వ్యాజ్యములో భర్త తన భార్యపై వ్యభిచార దోషము మోపి విడాకులు కోరినాడు. ఆమె తన కౌంటరులో అతనికి మానసిక వ్యాధి కలదని వ్రాయించినది. క్రాసు పరీక్షలో ఆమె వకీలు అతనినే కాక అతని కుటుంబమునంతటిని మతిలేని వారుగా చిత్రించు ప్రశ్నలు వేసినాడు. భర్త మోపిన వ్యభిచార దోషము రుజువు కాలేదు. ఆమె శీలమునకు కళంకము లేదని తీర్పే ప్రకటించినది. అయినను విడాకులు మంజూరైనవి. కోర్టు కాగితములలో ఉద్దేశపూర్వకముగా చేసిన ఆ నిందయే మానసిక క్రౌర్యమైనది. అట్టి నింద పడిన పిమ్మట కలసి బ్రతుకుడని ఆ దంపతులను నిర్బంధించుట తగదని ధర్మాసనము భావించినది. పిటిషను వేసిన దినమున లేని కారణము, పిటిషనుకు ఇచ్చిన సమాధానము వలన పుట్టినదన్నమాట.

వ్రాసినదానిని తరువాత కొట్టివేసికొనిన సరిపోవునా? 2003లో ఈ ప్రశ్నయు వచ్చినది. ఆ వ్యాజ్యములో భర్త భార్య శీలముపై హేయమైన ఆరోపణలు చేసి, పిమ్మట సవరణ దరఖాస్తు ద్వారా వాటిని తన వాదపత్రమునుండి తీసివేసినాడు. కాగితమునుండి అక్షరములు పోయినను, అవి చదివిన స్త్రీ మనస్సునకు తగిలిన గాయము పోదని, ఉపసంహరణము వలన క్రౌర్యము లేనిది కాజాలదని సుప్రీంకోర్టు నిర్ణయించినది. ఒక వ్యాజ్యము భర్తను, వేరొకటి భార్యను దోషిగా నిలిపినవి. సూత్రము మాత్రము ఇరువురకును ఒక్కటే. నిరూపింపజాలని నింద వ్రాయించుట, ఎదుటిపక్షమునకు మనమే ఆయుధమిచ్చుట.

ఇక కోర్టు కాగితములను దాటి పోలీసు ఠాణాలకు, పై అధికారులకు, పత్రికలకు ప్రాకిన వివాదముల మాట. ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పుపై సుప్రీంకోర్టుకు వెళ్ళి, 2013లో జస్టిస్ రంజనా ప్రకాశ్ దేశాయి వ్రాసిన తీర్పుతో ముగిసిన వ్యాజ్యము మనకు బహుధా ఆలోచనీయము. పెండ్లియైన కొలది దినములకే ఎడబాటైన ఆ దంపతుల నడుమ కేసుల పరంపర సాగినది. అత్తమామలపై నీచమైన ఆరోపణ యొకటి ఫిర్యాదులో చేరినది. భర్త ఉద్యోగము పోగొట్టుటకు అతని పై అధికారులకు అర్జీలు వెళ్ళినవి. విడాకులు నిరాకరించిన హైకోర్టు తీర్పును సుప్రీంకోర్టు తోసివేసినది. క్రౌర్యమునకు ఒకే యింట నివసించుట అవసరము లేదనియు, దూరముగా ఉండియు నోటీసుల ద్వారా, ఫిర్యాదుల ద్వారా, కేసుల ద్వారా ఒకరినొకరు హింసించుకొనవచ్చుననియు ఆ తీర్పు చెప్పినది. అదే సమయమున భార్యకు 15 లక్షల రూపాయల శాశ్వత మనోవర్తి ఇప్పించినది. ఇట్టి వివాదములు ముదిరిపోకముందే మధ్యవర్తిత్వమునకు పంపవలసినదిగా కింది కోర్టులను ఆదేశించినది. ఈ మనోవర్తి భాగమును మనవారు తరచు మరచుచుందురు. తప్పు భార్యదైనంతమాత్రమున ఆమెను నడివీధిలో వదలుట న్యాయము కాదని అదే తీర్పు చెప్పుచున్నది.

2021లో ఒక సైనికాధికారి వ్యాజ్యమునను ఇట్లే జరిగినది. భార్య అతని పై అధికారులకు పలుమార్లు ఫిర్యాదులు పంపగా అతని ఉద్యోగజీవితము దెబ్బతిన్నది. కింది కోర్టు విడాకులిచ్చినది. హైకోర్టు ఇవి మధ్యతరగతి సంసారములలో మామూలు కలతలేనని అప్పీలులో దానిని రద్దుచేసినది. సుప్రీంకోర్టు హైకోర్టుతో విభేదించి కింది కోర్టు డిక్రీని నిలబెట్టినది. ఒకే నడవడికి మూడు కోర్టులలో మూడుమార్లు వెల కట్టబడుట ఇందు గమనింపదగినది. అప్పీలు అనగా వాస్తవముల పునర్విచారణయని మొదట చెప్పిన మాటకు ఇదియే నిదర్శనము.

ఇచ్చట ఒక హెచ్చరిక చేయకున్నచో నా వ్యాసము అన్యాయమునకు తోడ్పడినదగును. కట్నపు వేధింపులకు, దేహహింసకు గురియైన స్త్రీ ఠాణాకు పోవుట దుష్ప్రవర్తన కాదు. అది ఆమె హక్కు, కొన్నిసార్లు ఆమె ప్రాణరక్షణోపాయము. పూర్వము భారత శిక్షాస్మృతిలో 498-ఏ సెక్షనుగా నుండి, 2024 జూలై 1 నుండి భారతీయ న్యాయసంహితలో 85వ సెక్షనుగా మారిన విధి అందుకొరకే పుట్టినది. కేసు పెట్టినంతనే అది క్రౌర్యము కాదు. సాక్షులు తిరుగబడిరనియో, నాలుగు గోడల నడుమ జరిగినదానికి సాక్ష్యము దొరకలేదనియో నేరము రుజువు కాకపోవుట వేరు. జరగనిదానిని జరిగినదని కల్పించి చెప్పుట వేరు. మన తెలుగునాటినుండి వెళ్ళి 2019లో తేలిన ఒక వ్యాజ్యమున, 498-ఏ కేసు పూర్తి విచారణ జరిగి భర్త నిర్దోషిగా తేలిన పిమ్మట అతనికి క్రౌర్యము జరుగలేదనుట సరికాదని సుప్రీంకోర్టు విడాకులు మంజూరు చేసినమాట నిజమే. కాని అట్టి తీర్పు నొకదానిని చేతబట్టుకొని, నిజముగా దెబ్బలు తిన్న యాడుబిడ్డను “కేసు పెట్టితివా, అప్పీలులో నీవే ఓడుదువు” అని బెదరించు బంధువులున్నచో, వారు చట్టమును ఎరుగనివారే కాక దయ కూడ లేనివారు. ప్రతి వ్యాజ్యమునందును సత్యాసత్యములను దాని సాక్ష్యమును బట్టియే తేల్చవలెను.

అప్పీలు కాలమున కక్షిదారులు చేయు పొరపాట్లలో అత్యంత ఘోరమైనది తొందరపాటు పునర్వివాహము. హిందూ వివాహ చట్టపు 15వ సెక్షను ప్రకారము, డిక్రీపై అప్పీలు గడువు ముగిసిన పిమ్మట గాని, వేసిన అప్పీలు కొట్టివేయబడిన పిమ్మట గాని తిరిగి వివాహమాడవచ్చును. అంతకు ముందు కాదు. 1966లో సుప్రీంకోర్టు చూచిన వ్యాజ్యములో భర్త హైకోర్టులో గెలిచి, మొదటి భార్య పై కోర్టుకు వెళ్ళుటకు అవకాశము చూడకయే మరల పెండ్లియాడినాడు; ఒక బిడ్డయు కలిగినాడు. “ఇక నా డిక్రీని కదల్చకుడు” అని అతడు వేడుకొన్నను, ఆగవలసిన ధర్మము తనదేనని, తొందరపడిన సాహసఫలము తానే అనుభవింపవలెనని న్యాయస్థానము చెప్పి, భార్య అప్పీలును విని, డిక్రీని రద్దుచేసినది. ఆ యొక్క తొందరపాటుచే ఇద్దరు స్త్రీలును ఒక శిశువును ఎట్టి దుస్థితిలో పడిరో ఊహించుటకు చట్టజ్ఞానముతో పనిలేదు.

2002 నాటి వ్యాజ్యమున ఈ తప్పు చేసినది భార్య. కింది కోర్టులో విడాకుల డిక్రీ పొంది, అప్పీలు నడచుచుండగనే ఆమె రెండవ వివాహము చేసికొన్నది. డిక్రీ హైకోర్టులో రద్దైనది. కాపురము ఎటులను మిగులలేదు గనుక విడాకులిచ్చివేయుడని ఆమె సుప్రీంకోర్టును అర్థించినది. అట్లిచ్చినచో చట్టవిరుద్ధమైన పనికి కోర్టే ఆమోదముద్ర వేసినట్లగునని, తన తప్పుతో తాను లాభపడరాదని ఆ కోరిక తిరస్కృతమైనది. ఆ తీర్పులోనే న్యాయస్థానము మరియొక మాట చెప్పినది: అప్పటి 30 దినముల అప్పీలు గడువు మన దేశపు దూరములకు, స్త్రీల నిస్సహాయతకు చాలదని, దానిని 90 దినములు చేయుట మంచిదని. పార్లమెంటు ఆ సూచనను మన్నించి 2003లో చట్టమును సవరించినది. అప్పీలు కాలమున జరిగిన వివాహము దానంతట చెల్లనిది కాదని 1978లోను, 2018లోను సుప్రీంకోర్టు వేరు సందర్భములలో చెప్పినమాట వాస్తవమే. కాని చెల్లుబాటు వేరు, ఆ చర్య చూపి కోర్టు అనుగ్రహము కోరుట వేరు.

ధనవిషయమున కపటము మరియొక పెద్ద దోషము. వ్యాజ్యము నడచుచుండగా ఖర్చులకును పోషణకును సొమ్ము ఇప్పించు అధికారము హిందూ వివాహ చట్టపు 24వ సెక్షను వలన కోర్టుకు కలదు. జీతము దాచుట, ఉద్యోగము మానివేసితినని చెప్పుట, పొలమును తమ్ముని పేర వ్రాయుట, సంపాదన కలిగియు లేదని భార్య ప్రమాణము చేయుట మనము ప్రతిదినము వినుచున్న సంగతులే. దీనికి కట్టడి చేయుచు 2020 నవంబరులో జస్టిస్ ఇందూ మల్హోత్రా, మన మెదకు ప్రాంతమువారైన జస్టిస్ ఆర్. సుభాష్ రెడ్డిగారలు, ఇరుపక్షములును తమ ఆదాయమును, ఆస్తులను, అప్పులను అఫిడవిట్టు ద్వారా బయటపెట్టి తీరవలెనని దేశమునందలి కోర్టులన్నిటికిని వర్తించునట్లు ఉత్తరువిచ్చిరి. అబద్ధపు అఫిడవిట్టు ఇచ్చినవారిపై తప్పుడు సాక్ష్యపు విచారణకు, కోర్టు ధిక్కారమునకు త్రోవ తెరచిరి. బుద్ధిపూర్వకముగా మనోవర్తి ఎగవేయువాని వాదమునే కొట్టివేయు అవకాశమును, కడపటి ఉపాయముగా, ఉంచిరి. శాశ్వత మనోవర్తి నిర్ణయించు 25వ సెక్షనులో ఆదాయముతోపాటు “పక్షముల నడవడి”ని గూడ చూడవలెనని శాసనకర్తలే వ్రాసియుంచినారు. బకాయిపడి అప్పీలుకు వచ్చి స్టే కోరువానితో, మొదట బకాయి కట్టి రమ్మని న్యాయమూర్తి చెప్పిన, అందులో కాఠిన్యము లేదు.

బిడ్డల విషయము వేరుగా చెప్పనక్కరలేదు గాని, అది అన్నిటికంటె సున్నితమైనది. వారమునకొకమారు తండ్రికి బిడ్డను చూపవలెనని ఉత్తరువుండగా జ్వరమని, పరీక్షలని వంకలు పెట్టుటయు, చూచుటకు తెచ్చుకొన్న బిడ్డను మరల తల్లికి అప్పగింపకపోవుటయు, తల్లినిగాని తండ్రినిగాని ద్వేషించునట్లు పసిమనస్సునకు నూరిపోయుటయు తుదకు బిడ్డ సంరక్షణ ఎవరికీయవలెనను ప్రశ్న వచ్చినప్పుడు ఆ చేసినవారికే ప్రతికూలమగును. అచ్చట కోర్టు చూచునది బిడ్డ క్షేమమును. రెండవవారితో బిడ్డకు గల అనుబంధమును త్రుంచువారు ఆ క్షేమమును కోరువారని ఎట్లు నమ్మును?

విదేశములలో మన తెలుగువారు లక్షలుగా స్థిరపడిన ఈ కాలమున, 1991లో తేలిన ఒక వ్యాజ్యమును కూడ స్మరింపవలసియున్నది. తిరుపతిలో వివాహమాడిన ఒక భర్త అమెరికాలో, తన అసలు నివాసము వేరొక రాష్ట్రమున నుండగా, మిస్సోరీ రాష్ట్రమున తొంబది దినముల నివాసము చూపి అక్కడి కోర్టునుండి విడాకులు తెచ్చుకొని, స్వదేశమునకు వచ్చి మరల పెండ్లియాడినాడు. ఆ డిక్రీ ఇచ్చటి భార్యను బంధింపదని సుప్రీంకోర్టు ప్రకటించినది. ఏ చట్టము క్రింద పెండ్లి జరిగినదో ఆ చట్టము ఒప్పుకొను కారణముపైననే విడాకులు రావలెను. ఎదుటివారికి తమ మాట చెప్పుకొను నిజమైన అవకాశము కలుగవలెను. ప్రత్యర్థికి తెలియని చోట, అందరాని చోట సంపాదించిన డిక్రీ కాగితముగానే మిగులును. తప్పుడు చిరునామాకు సమన్లు పంపి ఎక్స్ పార్టీ డిక్రీ సంపాదించు స్వదేశపు నేర్పరులకును ఈ మాట వర్తించును. కోర్టును మోసగించి పొందిన డిక్రీ ఎన్నడైనను, ఏ కోర్టులోనైనను కూలవచ్చునని 1993 నాటి మరియొక తీర్పు ఘోషించుచున్నది.

నడవడికి ఇంత విలువ ఉన్నదని చెప్పినందున, విడాకుల అప్పీలు సచ్చరిత్రకు బహుమానమిచ్చు సభయని ఎవ్వరును అనుకొనరాదు. 1975లో జస్టిస్ చంద్రచూడ్ వ్రాసిన ప్రసిద్ధమైన తీర్పులో భార్య ప్రవర్తన క్రౌర్యమేయని తేలినను, భర్త తరువాత ఆమెతో కాపురము చేసి దానిని క్షమించినాడు గనుక అతనికి విజయము కలుగలేదు. 2023 మే 1వ తేదీన అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనము, తిరిగి అతుకనంతగా విరిగిన వివాహమును రాజ్యాంగపు 142వ అధికరణము క్రింద సుప్రీంకోర్టు రద్దుచేయవచ్చునని చెప్పినను, అది ఎవరికిని హక్కు కాదనియు, ఎడబాటు కాలము, పరస్పరారోపణలు, రాజీ ప్రయత్నములు, బిడ్డల స్థితి మున్నగు సమస్త పరిస్థితులను చూచి వాడదగిన విచక్షణ మాత్రమేననియు హద్దు గీసినది. ఆ యేడాదియే అక్టోబరులో, ఎనుబది తొమ్మిదేండ్ల భర్త కోరిన విడాకులను ఎనుబది రెండేండ్ల భార్య మనస్సు చూచి అదే న్యాయస్థానము నిరాకరించినది. విడాకులు పొందిన స్త్రీయను పేరుతో కన్నుమూయుట ఆ వృద్ధురాలికి ఇష్టము లేదు. బంధము విరిగినదనుట ఒక్కటే చాలదు; ఎవరు, ఏ నడవడితో, ఏ స్థితిలో ఆ మాట చెప్పుచున్నారో చూడవలెనని ఈ తీర్పులన్నిటి తాత్పర్యము.

కనుక కోర్టుకు పోక తప్పని పరిస్థితిలో నున్న దంపతులకు నేను చెప్పగోరునది ఇంతే. కౌంటరుపై సంతకము చేయుటకు ముందు ప్రతివాక్యమును స్వయముగా చదువుకొనుడు, చదువరాకున్న చదివించుకొని వినుడు; రుజువు చేయగలిగినదానినే వ్రాయింపుడు. మనోవర్తి యుత్తరువు అన్యాయమని తోచినచో పై కోర్టులో ప్రశ్నింపుడు. స్టే రానంతవరకు కట్టుచునేయుండుడు. రాజీకి పిలిచిన దినమున వెళ్ళి కూర్చుండుడు. బిడ్డలను సాక్షులుగా, దూతలుగా వాడకుడు. డిక్రీ వచ్చిన సంతోషమున పై కోర్టులో ఏమైనది విచారింపక పసుపు బట్టలు కట్టకుడు. అప్పీలు వేయుట మీ హక్కు. దానిని వేధించుటకు గాక న్యాయము కొరకు వేయుడు, గడువులోపల వేయుడు.

వకీళ్ళకును పెద్దలకును గూడ ఇందు బాధ్యత కలదు. కోపముతో వచ్చిన కక్షిదారు చెప్పినదెల్ల వ్రాసి యిచ్చుట వృత్తిధర్మము కాదు. ఆ కోపములోనుండి చట్టమునకు అవసరమైన సత్యమును వేరుచేయుటయే ధర్మము. కూతురి పక్షమున, కొడుకు పక్షమున నిలిచిన తల్లిదండ్రులు గెలుపు సంగతి నొక్కటినే గాక, ఆ గెలుపు కొరకు తమ బిడ్డ ఏమి చేయవలసివచ్చుచున్నదో ఆలోచింపవలెను. కాపురము నిలుచుట ఎల్లప్పుడును మన చేతిలోనిది కాదు. విడిపోవుటలో మర్యాద పాటించుట మాత్రము ఎల్లప్పుడును మన చేతిలోనిదే. ఆ మర్యాదను పాటించినవారికి అప్పీలులో వాదమునకు బలము కలుగుట మాత్రమే కాక, వ్యాజ్యము ముగిసిన మరునాడు క్రొత్త జీవితమును తలయెత్తుకొని ఆరంభించు అర్హతయు మిగులును.